ఎర్రబల్ల మీద ఉల్లిపొర చీర

మొన్న బస్టాండు మలుపులో ఆయన ఫ్లెక్సీ చూసి ఆటో ఆపించి దిగాను. పైన కన్నీటి నివాళి, కింద కొడుకు, కోడలు, మనవళ్ళ పేర్లు వరసగా, నడుమ ఆయన. ఆయనే అని పోల్చుకోవడానికి నాకు అరనిమిషం పట్టింది. పాతికేళ్ళకు పైగా ఎరిగిన మొహం. కాల్చిన ఇటుక ఛాయ మనిషి. ఫ్లెక్సీలో మాత్రం ఆకుపసరు పూసినట్టున్నాడు. వెనకాల ఆ కొసనుంచి ఈ కొసదాకా రాణీ రంగు దిమ్మరించారు.

అక్కడే నిలబడి ఆయన కొడుక్కి ఫోన్ చేశాను. మనిషి పోయి నాలుగు రోజులయిన ఇంటికి ఫోన్ చేస్తే ముందు ఏమనాలో నాకూ తెలుసు. కానీ ఆ మొహం చూశాక మర్యాద గుర్తు రాలేదు.

"ఏమబ్బా, మీ నాయనకు పసరు పూసి నిలబెట్టినారే బస్టాండులో?" అన్నాను.

"అట్లేం లేదక్కా. ఫోటో బాగానే ఉండాది. నేను సూసే ఇచ్చినా. యెనకుండే రంగు వల్ల..." అని ఆగిపోయాడు.

అటునుంచి ఊపిరి ఎగబీల్చిన చప్పుడు వినిపించింది. ఏడుస్తున్నాడనుకున్నాను. నవ్వుతున్నాడు. నేనూ నవ్వాను, చచ్చిపోయిన మనిషి ఫ్లెక్సీ ముందు నిలబడి, ఆటో అతను నావంక అదోలా చూస్తుండగా. ఎందుకు నవ్వామో తెలియాలంటే ఆ మనిషి తెలియాలి.

తిరుపతి బజారు వెనక సందులో ఆయనది మ్యాచింగ్ సెంటర్. చీర ఎక్కడ కొన్నా, దాని మీదికి జాకెట్టు గుడ్డ కావాలంటే ఆడవాళ్ళు ఆ సందులోకి రావలసిందే. ఇంత పెద్ద ఊళ్ళో మ్యాచింగ్ సెంటర్లు లేక కాదు. మిగతాచోట్ల చీర పరిచి, పది తానులు దింపి, ఒక్కొక్కటీ పక్కన పెట్టి, "ఇదా మేడమ్, ఇదా మేడమ్" అని మన ప్రాణం తీస్తారు. ఆయన దగ్గర ఆ తతంగం లేదు. చీరను బల్ల మీద వేయించేవాడు. అంచు కొంచెం మడిచి చూసేవాడు. తర్వాత వెనక్కి తిరిగి, నేల నుంచి కప్పు దాకా పేర్చిన తానుల్లోంచి ఒకటంటే ఒకటే లాగేవాడు. పక్కన పెట్టి సరిచూడడం ఉండేది కాదు. మీటరు కర్ర, కత్తెర, అయిపోయింది. ఎవరైనా కొత్తావిడ "ఒకసారి పక్కన పెట్టి చూడండి" అంటే, "ఇంటికి పోయి పెట్టుకో. కాకపోతే తెచ్చి నా మొగాన కొట్టు" అనేవాడు. ఎవరూ తెచ్చి కొట్టలేదు. నేనొక్కదాన్ని తప్ప. ఆ సంగతికి వస్తాను.

తానుల మీద అంటించిన ఇంగ్లీషు పేర్లు ఆయన నోట పలికేవి కావు. ఆయన రంగులకు ఆయన పేర్లు. కొత్తబెల్లం, పాతబెల్లం. పొట్టు తీసిన అనపగింజల పితికిపప్పు. వానకు తడిసిన చంద్రగిరి కోటగోడ. ఇత్తడి చెంబు, తోమిన ఇత్తడి చెంబు, ఈ రెంటికీ రెండు వేరు తానులు. మాసిన లేత గోధుమ రంగు ఒకటి ఉండేది, దాన్ని పుత్తూరు కట్టు అనేవాడు, విరిగిన ఎముకకు అక్కడ కట్టే కట్టు ఆరాక తిరిగే రంగన్నమాట. ఒకసారి ఒక పుత్తూరావిడ దొరికిపోయింది.

"మా ఊరి కట్టు రంగు తొడుక్కుంటే సెయ్యి ఇరిగినోళ్ళ మాదిరి ఉండనా?" అంది.

"ఇరిగితే మాత్రం దిగులేమిమా, ఊర్లోనే ఉండావు గదా" అన్నాడు, కత్తెర ఆపకుండా.

ఆవిడ అదే గుడ్డ పట్టుకుపోయింది. మళ్ళీ వచ్చినప్పుడు చెల్లెలిని కూడా తీసుకొచ్చింది.

నేను ఆయన అంగడికి మొదట వెళ్ళింది ఉద్యోగంలో చేరిన కొత్తలో. బీయస్సీ ఫిజిక్సు చదివిన పొగరు, నల్లగా ఉన్నానన్న దిగులు, రెండూ సమానంగా ఉండేవి నాలో. మా అమ్మ నాకు చిన్నప్పటినుంచీ మీగడ రంగు, లేత గులాబి, నీళ్ళ నీలం తప్ప వేరే వేయలేదు. మా ఇళ్ళల్లో నల్లపిల్లలందరికీ అదే శిక్ష. తెల్లటి బట్ట కడితే ఆ తెలుపు కాస్త ఒంటికి అంటుకుంటుందని నమ్మకం. నేను మీగడ రంగు చీర బల్ల మీద పెట్టి, దీనికి సరిగ్గా ఇదే రంగు గుడ్డ ఇమ్మన్నాను.

ఆయన చీరను చూడలేదు, నన్ను చూశాడు. "ఎవురు కట్టమన్నారుమా నిన్నిది?"

"మా అమ్మ. నల్లవాళ్ళకి లేత రంగులు నప్పుతాయి."

"సెయ్యి పెట్టు దీని మింద."

పెట్టాను. పక్కనున్న తాను ఒకటి లాగి పరిచాడు. నిగనిగలాడే వంకాయ రంగు. "ఇప్పుడు దీని మింద పెట్టు."

పెట్టాను. మీగడ మీద బొగ్గులా ఉన్న నా చెయ్యి, వంకాయ మీద తేనె రంగుకు తిరిగింది. నేను ఊరుకుంటానా. రంగు అనేది కాంతి తరంగాన్ని బట్టి ఉంటుందనీ, పక్కనేదో పెడితే మారదనీ, మారినట్టు అనిపించేది కంటి భ్రమ అనీ పది నిమిషాలు పాఠం చెప్పాను. ఆయన శ్రద్ధగా విన్నాడు. నిజంగానే విన్నాడు, మధ్యలో ఒక గిరాకీని ఆగమన్నాడు కూడా.

"నువ్వు సెప్పింది నిజమే అయ్యుంటాది అమ్మణ్ణీ. సదువుకున్న దానివి. కానీ నిన్ను సూసేవోళ్ళు కంటితోనే గదా సూసేది" అన్నాడు. "ఒక్క రంగును పిలిచి అడిగితే ఏమీ సెప్పదు. రెండింటిని పక్కపక్కన కూసోబెట్టు, దాని గుట్టు ఇదీ, దీని గుట్టు అదీ బయట పెట్టేస్తాయి."

ఆ రోజు వాదనలో నేను ఓడిపోలేదు. ఈ రోజుకీ ఒప్పుకోను. కాకపోతే మీగడ చీర మా పనావిడకి ఇచ్చేశాను. ఆవిడ పచ్చని ఛాయ, ఆవిడకి బాగుంది.

తర్వాత ఎన్నేళ్ళు వెళ్ళానో ఆ అంగడికి. వెళ్ళిన ప్రతిసారీ పోట్లాటే. ఆయన మాటకి నేను అడ్డం, నా మాటకి ఆయన అడ్డం. మాకిద్దరికీ అదొక పండగ. టీ తెప్పించేవాడు, నేను తాగేవరకూ వాదన ఆపేవాడు, గ్లాసు కింద పెట్టగానే "ఆఁ, ఇప్పుడు సెప్పు" అనేవాడు.

అంగడిని కొడుకు చేతిలోకి తీసుకున్నాక కొత్తగా చేయించాడు. మంచి పిల్లాడే. చుట్టూ అద్దాల అంగళ్ళు లేస్తుంటే తమది కొట్టుగదిలా ఉందని వాడి బాధ. పాత చెక్కబల్ల పోయి, నిగనిగలాడే ఎర్ర సన్‌మైకా బల్ల వచ్చింది. తానులు పేర్చే గోడకి చిలకపచ్చ రంగు వేయించాడు. బల్ల మీద ఎప్పుడూ పరిచి ఉండే బూడిద రంగు కంబళి, వాళ్ళ తాత కాలం నాటిది, దుమ్ము కొడుతోందని ఎవరికో ఇచ్చేశాడు. అంగడి చూడ్డానికి దసరా బొమ్మల కొలువులా తయారయింది. ఆయన మాత్రం "వాని కాలం, వాడు సేసుకోనీ" అన్నాడు.

అప్పుడే చిత్తూరులో మా ఆడపడుచు గృహప్రవేశానికి ఉల్లిపొర రంగు పట్టుచీర తీశాను. ఆయన దగ్గరికే పట్టుకెళ్ళాను. మామూలుగానే ఒక చూపు, ఒక తాను, ఒక కత్తెర. నేనూ పక్కన పెట్టి చూడలేదు. ఆయన కోశాక సరిచూడడం ఇన్నేళ్ళ స్నేహానికి తలవంపు. నేను చిత్తూరు బయలుదేరే రోజు పొద్దున టైలరు కుట్టి ఇచ్చాడు. తొడుక్కుని, చీర కుచ్చిళ్ళు పెట్టుకుని, అద్దం ముందుకి వెళ్తే నా మీద ఉల్లిపొర పక్కన ఎండిన అరటాకు వేలాడుతోంది. మార్చుకునే వ్యవధి లేదు. చిత్తూరులో మా ఆడపడుచు హారతి పళ్ళెం పట్టుకుని గుమ్మంలోనే అడిగింది, "వదినా, జాకెట్టు గాని ఎలిసిందా?" అని.

మర్నాడు ఆ జాకెట్టు పట్టుకుని అంగడికి పోయాను. అయిదారుగురు ఆడవాళ్ళు ఉన్నారు. ఎవరున్నారని చూసే రకం కాదు నేను. జాకెట్టు ఎర్రబల్ల మీద పడేసి, "ఇదేనా ఉల్లిపొర? దీంట్లో ఎరుపు యాడుండాది చూపించన్నా. నీ కళ్ళు పోయినాయి. ఒప్పుకుని ఇంట్లో కూర్చో, మా పరువులు తీయకుండా" అన్నాను.

ఎదురు తిడతాడని చూశాను. అందుకు సిద్ధపడే వచ్చాను. ఆయన జాకెట్టు తీసుకుని గుమ్మం దాకా వెళ్ళి, వెలుతురులో అటూ ఇటూ తిప్పాడు.

"అవునుమా. తప్పే" అన్నాడు.

అంతే. ఆయన నాతో ఏకీభవించడం అదే మొదలు.

వారం తర్వాత అటు వెళ్తే బల్ల వెనక ఆయన లేడు. కొడుకు సంగతి చెప్పాడు. అంతకు ముందు ఇంకా నలుగురికి అట్లాగే తప్పు పోయిందని పక్క అంగడివాళ్ళు చెప్పారట, అందరికీ ఎరుపు తగ్గిన గుడ్డే వెళ్ళిందట. కళ్ళ డాక్టరుకి చూపిస్తే ఈ వయసుకి ఇంతకంటే మంచి చూపు ఉండదన్నాడట. "డాక్టరుకేం తెలుసక్కా రంగులు. నువ్వు సెప్పినావు గదా అందరి ముందర. అప్పటికి గాని నాకు ధైర్యం రాలా" అన్నాడు. రేణిగుంట బట్టల గోడౌనులో పనిచేసిన ఒకాయనని కుదిర్చాడు. శుక్రవారం నుంచి బల్ల ఆయనది. నాన్న సాయంత్రాలు వచ్చి కూర్చుని టీ తాగి పోవచ్చు.

టీ తాగి పోవడం. నలభై ఏళ్ళు ఒక్క చూపుతో గుడ్డ కోసిన మనిషి, ఎవరో కోస్తుంటే చూస్తూ టీ తాగాలి. దానికి సాక్ష్యం నా మాట. ఇంటికి వచ్చి, తప్పు నాది కాదని మా ఆయనతో గంటసేపు వాదించాను. మా ఆయన పాపం, తప్పు నాదని ఒక్క మాట కూడా అనలేదు.

శుక్రవారానికి ముందు బుధవారం పొద్దున, గేటు చప్పుడయితే చూశాను. ఆయన. చేతిలో గుడ్డసంచి.

"నీ జాకెట్టు నష్టపెట్టినా. మూడు గుడ్డలు తెచ్చినా, నీ కంటికి ఏది సరిపోతే అది తీసుకో. నన్నడగొద్దు" అన్నాడు, చెప్పులు విడుస్తూ.

"కూర్చోన్నా, చీర తెస్తా" అన్నాను. తెచ్చి వరండాలో సిమెంటు గచ్చు మీద పరిచాను. ఆయన ఇంకా మెట్టు మీదే ఉన్నాడు. కదలలేదు.

"ఇదేనా ఆ సీర?"

"ఇదే."

"ఆ పొద్దు ఇంత ఎర్రగా లేదే ఇది."

"చీర అదే అన్నా. మారింది నీ కళ్ళు."

"కళ్ళు పోయుంటే ఈడికి కూడా పోయిన కళ్ళే గదా అమ్మణ్ణీ వచ్చింటాయి."

ఆయన సంచిలోకి చెయ్యి పోనిచ్చి మూడు గుడ్డల్లో ఒకటి తీసి గచ్చు మీదకి విసిరాడు. చీర పక్కన పడింది. పక్కన పడిందని కూడా తెలియలేదు, చీర కొంగే కొంచెం జరిగినట్టుంది. అంత సరిగ్గా.

ఇద్దరం ఒకరి మొహం ఒకరు చూసుకున్నాం. ఆయన చూపు మెల్లగా చీర మీదనుంచి గచ్చు మీదకి దిగింది. బూడిద రంగు గచ్చు. వేలితో ఒకసారి రుద్దాడు దాన్ని. తర్వాత చుట్టూ చూసి, వరండా మూలనున్న ఎర్ర ప్లాస్టిక్ కుర్చీ ఈడ్చుకొచ్చి, చీర కొంగు దాని మీద పరిచాడు. ఉల్లిపొర చచ్చిపోయింది. రక్తం లేని మనిషిలా పాలిపోయింది. కొంగెత్తి గచ్చు మీద వేశాడు, ప్రాణం వచ్చింది. కుర్చీ మీద వేశాడు, పోయింది.

"పచ్చది, పచ్చదేమన్నా తే" అన్నాడు. నీళ్ళ డ్రమ్ము మీద ఆకుపచ్చ మూత ఉంటే తెచ్చాను. దాని మీద అదే కొంగు పండు మిరపకాయలా భగ్గుమంది. ఆయన వంగి, మోకాళ్ళ మీద చేతులు పెట్టుకుని నవ్వడం మొదలుపెట్టాడు. నేను అంత నవ్వు ఆయన దగ్గర చూడలేదు. నేను బకెట్టు తెచ్చాను, ఆయన డోర్‌మ్యాట్ లాగాడు, నేను మా ఆయన లుంగీ తీగ మీదనుంచి లాగాను. అన్నింటి మీదా ఆ చీరను పరిచాం. పట్టుచీర, గృహప్రవేశం చీర. పేపరు చదువుతున్న మా ఆయన లోపలినుంచి వచ్చి, ఇద్దరు పెద్దమనుషులు డ్రమ్ము మూత చుట్టూ మోకాళ్ళ మీద తిరుగుతుండడం చూసి, లుంగీ వంక ఒకసారి చూసి, మళ్ళీ లోపలికి వెళ్ళిపోయాడు.

"ఎర్రబల్ల మింద సీర పాలిపోయింది. పచ్చగోడ మింద తాను ఎర్రగా లేచింది. దాన్ని సూసి దీన్ని లాగినా. ఎరుపు తగ్గిందే సరిగ్గా ఉండాదని నా కన్ను సెప్పింది. దాని తప్పు లేదు" అన్నాడు, గచ్చు మీదే చతికిలబడి. తర్వాత కొంచెం తగ్గి, "మా నాయన బల్ల మింద ఏసిన బూడిద కంబళి, ఈ గచ్చు రంగే అది. పట్టు జారకుండా ఏసినాడనుకున్నా ఇన్నేళ్ళూ" అన్నాడు. ఊళ్ళో ప్రతి చీర పక్కనా ఏముండాలో చెప్పిన మనిషి, తన బల్ల మీద ఏముందో చూసుకోలేదు.

"పద అంగడికి" అన్నాను. స్కూటర్ వెనక కూర్చోబెట్టుకున్నాను. దారిలో వెనక చర్రుమని చప్పుడు వినిపిస్తే, "ఏందన్నా అది?" అన్నాను. "ఏంలేదు, నువ్వు రోడ్డు సూడు" అన్నాడు. సరిపోయిన గుడ్డని రెండు ముక్కలు చింపుతున్నాడు.

అంగట్లో కొడుకు, నలుగురు గిరాకీలు, రెండు రోజులు ముందే పని చూసుకుందామని వచ్చిన రేణిగుంట ఆయన. నేను గుమ్మంలోనే మొదలుపెట్టాను. "ఏమబ్బా, అయిదు తప్పులూ ఎరుపు దగ్గరే ఎందుకు పోయినాయో ఒక్కసారైనా ఆలోచన చేసినావా నువ్వు?" ఆయన నా భుజం మీద తట్టి, "కొంచేపు ఊరుకో అమ్మణ్ణీ. ఇది నా అంగడి" అన్నాడు.

ఒక ముక్క ఎర్రబల్ల మీద పెట్టాడు. రెండోది పచ్చగోడకి గుండుసూదితో గుచ్చాడు. కొడుకుని పిలిచాడు.

"ఈ రెండింట్లో ఏది ఎరుపురా?"

"గోడ మిందది."

"ఎంత?"

కొడుకు రేణిగుంట ఆయన వైపు చూశాడు. "రెండు షేడ్లు తేడా ఉంటాది" అన్నాడాయన, అనుభవం మీద.

పెద్దాయన గోడ మీద ముక్క పీకి, బల్ల మీది ముక్క తీసి, రెండూ తన తెల్లపంచె మీద పక్కపక్కన పెట్టాడు. చింపిన అంచులు ఒకదానికొకటి అతుక్కున్నాయి. పోగుకి పోగు.

కొడుకు ముక్కలు రెండూ తీసుకుని తనే మళ్ళీ ఒకటి బల్ల మీద, ఒకటి గోడ మీద పెట్టాడు. తీశాడు, కలిపాడు. మళ్ళీ పెట్టాడు. నాలుగోసారికి గిరాకీలు కూడా చుట్టూ చేరారు. ఒకావిడ తన చీర కొంగే గోడకి ఆనించి, "అయ్యో, చూడండే" అని అందరినీ పిలిచింది. రేణిగుంట ఆయన గట్టిగా నవ్వేశాడు. "శుక్రవారం నుంచి నేనూ తప్పే కోసుంటాను గదప్పా ఈడ" అన్నాడు. ఆయన తర్వాత కూడా ఆ అంగట్లోనే ఉన్నాడు, పక్క బల్ల మీద ఫాల్స్ చూసుకుంటూ. ఇద్దరికీ బాగా కుదిరింది.

"బల్ల తీసేయించమంటావా నాయనా?" అన్నాడు కొడుకు, చాలాసేపటికి.

"ఎందుకురా, నిగనిగలాడతా బాగుండాది. ఎలుకబొచ్చు రంగు తాను దించు."

కొడుకే దించాడు, కొడుకే కొలిచాడు, కొడుకే కోశాడు. బల్ల మీద నాలుగు మూలలా లాగి పరిచి, చేత్తో ముడతలు సర్ది పక్కకి జరిగాడు. ఆయన వచ్చి తన చోట కూర్చున్నాడు.

టీలు వచ్చాయి. గిరాకీలు సద్దుమణిగాక, నేను గ్లాసులోకి చూస్తూ, "ఆ పొద్దు అందరి ముందరా నేనట్ల అనకుండా ఉండాల్సిందన్నా" అన్నాను. నా జన్మలో క్షమాపణ లాంటిది అదొక్కటే. ఎట్లా చెప్పాలో అలవాటు లేదు.

"నలుగురికి తప్పు పోయింది నీకంటే ముందు" అన్నాడాయన. "అందరూ మర్యాదస్తులు. ఒక్క మాట అనలే. గమ్మున ఇంకో అంగడికి పోయినారు. నాకు తెలియనే తెలీదు. నువ్వొక్కదానివే తెచ్చి నా మొగాన కొట్టినావు."

నా గ్లాసులో టీ ఇంకా సగముంది.

"తొందరగా తాగు" అన్నాడు. "పొద్దున నన్ను నీ స్కూటర్ మింద రెండు గుంతల్లో ఏసినావు. దాని గురించి మాట్లాడాల."

ఆ తర్వాత ఆయన ఇంకా ఆరేళ్ళు ఆ బల్ల దగ్గర కూర్చున్నాడు. ఆరేళ్ళూ నేను వెళ్ళినప్పుడల్లా తిట్టాను. తిట్టడానికి ఏమీ దొరకని రోజున, టీ బాగాలేదని తిట్టాను.